ఆటలక్కూడా ట్రాన్స్‌ఫరేనా!

ట్రాన్స్‌ఫర్ అనే మాట వింటే ఇప్పటికీ నాకు గోనెసంచుల వాసన వస్తుంది. మావారిది బ్యాంకు వుద్యోగం. ముప్ఫయి మూడేళ్ళ సర్వీసులో పదకొండు వూళ్ళు తిరిగాం. ఆర్డరు చేతికొచ్చిన సాయంత్రం నుంచీ ఇంట్లో ఎండుగడ్డి, పురికొస, చెక్కపెట్టెలు. ఆవకాయ జాడీకి వాసెన కట్టి, పాత చీరలో చుట్టి, పసిపిల్లాణ్ణి పట్టుకున్నట్టు వొళ్ళో పెట్టుకుని లారీ ముందుసీట్లో కూర్చున్న రోజులున్నాయి. ఎంత జాగ్రత్తగా సర్దినా ప్రతి వూళ్ళోనూ ఏదో ఒకటి వుండిపోయేది. నంద్యాలలో రుబ్బురోలు పొత్రం వుండిపోయింది. తెనాలిలో మావాడి ఎత్తు కొలిచి ఏడాదికోసారి గోడమీద బొగ్గుతో గీసిన గీతలు వుండిపోయాయి. వాటినెలా కట్టుకొస్తాం చెప్పండి?

అందుకే 2013 వేసవిలో న్యూజెర్సీలో మా మనవడు పొద్దున్నే వచ్చి, “నానమ్మా, ఇవాళ నా గేమ్స్ అన్నీ ట్రాన్స్‌ఫర్ చేస్తున్నా” అనగానే, “ఏ వూరికిరా?” అనేశాను. వాడికి అర్థం కాలేదు. పక్కనున్న మా కోడలు మాత్రం పకపకా నవ్వింది.

విషయమేమిటంటే, వాడి దగ్గర డిఎస్ఐ ఎక్సెల్ అని ఒక బొమ్మపెట్టె వుండేది. పుస్తకంలా తెరుచుకుంటుంది. పైనొక తెర, కిందొక తెర. పుట్టినరోజుకి వాళ్ళ నాన్న కొత్తది కొన్నాడు, త్రీడిఎస్ ఎక్సెల్ అని. పాతదాంట్లో డబ్బు కట్టి దింపుకున్న ఆటలన్నీ కొత్తదాంట్లోకి మార్చాలిట. అందులో ఒకటి మావారి ఆట. అందుకే ఈ కథంతా నేను తెలుసుకోవలసి వచ్చింది. లేకపోతే ఈ వయసులో నాకెందుకండీ జపాను వాళ్ళ బొమ్మల చరిత్ర!

మూడేళ్ళు వెనక్కి వెళ్ళాలి. 2010లో మేమిద్దరం మొదటిసారి అమెరికా వెళ్ళాం. అక్కడ మగవాళ్ళకి ఎంత విసుగో మీలో వెళ్ళొచ్చిన వాళ్ళకి తెలుసు. కాఫీ తాగి బజారుకి పోదామంటే బజారుండదు, అరుగుమీద కూర్చుందామంటే అరుగుండదు. పేకాడదామంటే నాలుగో చెయ్యి దొరకదు. అప్పుడు ఎనిమిదేళ్ళ మనవడు జాలిపడి, వాళ్ళమ్మనడిగి, ఆ పెట్టెలోకి ఒంటరిగా ఆడుకునే పేక ఆట ఒకటి దింపాడు. పెద్ద తెరలున్న ఆ ఎక్సెల్ రకం ఆ ఏడే మార్చిలో అమెరికాలో అమ్మకానికి వచ్చింది. తెర ఒక్కొక్కటీ మూలనుంచి మూలకి 4.2 అంగుళాలు. కళ్ళజోడు పెట్టుకుంటే కళావరు, ఇస్పేటు స్పష్టంగా కనిపించేవి. ఇక చూసుకోండి. మధ్యాహ్నం భోజనమయ్యాక మావారు, ఆ పెట్టె, ఒక పుల్ల. అన్నానికి పిలిస్తే “ఇదిగో, ఈ ఒక్క చెయ్యి” అనేవారు. ఆడినవెన్ని, గెలిచినవెన్ని అని ఆ యంత్రమే లెక్క రాసుకునేది. బ్యాంకు మనిషి కదా, ఆ లెడ్జరు అంటే ఆయనకి మహా ఇష్టం.

తమాషా ఏమిటంటే, ఆ పెట్టెని తయారుచేసిన నింటెండో వాళ్ళు మొదట్లో పేకముక్కల వ్యాపారులే. 1889లో క్యోటో నగరంలో ఫుసజిరో యమౌచి అనే ఆయన ఆ దుకాణం పెట్టాడు. అమ్మింది హనఫుడా, అంటే పూలముక్కలు. మన పేకలో 52 ముక్కలైతే వాళ్ళకి 48. నెలకి నాలుగు చొప్పున పన్నెండు నెలలకి. జనవరికి దేవదారు, మార్చికి చెర్రీ పూలు, సెప్టెంబరుకి చామంతి. జూదమని అంకెలున్న పేకని అక్కడి ప్రభువులు మళ్ళీ మళ్ళీ నిషేధిస్తుంటే, అంకెలు తీసేసి పూలు వేసుకున్నారన్నమాట. ఆడదలుచుకున్నవాడికి అడ్డేముంది! 1953లో ప్లాస్టిక్ పేకముక్కల్ని జపానులో భారీగా తయారుచేసిందీ వీళ్ళే. 1959లో ముక్కల మీద డిస్నీ బొమ్మలు వేసి పిల్లలున్న ఇళ్ళల్లోకి కూడా తీసుకెళ్ళారు.

నింటెండో వాళ్ళ చేతిలో ఇమిడే ఆటపెట్టెలు 1980లో మొదలయ్యాయి. గున్‌పెయ్ యొకోయ్ అనే ఇంజనీరు ఒకసారి రైల్లో పోతూ, ఎదురుగా కూర్చున్న ఆఫీసు మనిషి తోచక కాలిక్యులేటరు మీటలు నొక్కుకుంటూ వుండడం చూశాట్ట. ఆ చూపులోంచే గేమ్ అండ్ వాచ్ పుట్టిందని చెబుతారు. ఒక పక్క గడియారం, ఒక పక్క ఆట. ఒక పెట్టెకి ఒకటే ఆట. ఇంకో ఆట కావాలంటే ఇంకో పెట్టె కొనుక్కోవాలి. వుప్పు జాడీ వేరు, పచ్చడి జాడీ వేరు అన్నట్టు. అందులోంచి ఇందులోకి మార్చడమనే పేచీయే లేదు.

1989లో అదే యొకోయ్ బృందం గేమ్‌బాయ్ తెచ్చింది. దీంతో ఆట పెట్టెలోంచి బయటికొచ్చి వేరే బిళ్ళగా మారింది. మన పిల్లలు దాన్ని ‘క్యాసెట్టు’ అనేవారు, గుర్తుందా? క్యాసెట్టు గుచ్చితే ఆట, తీసేస్తే ఖాళీ డబ్బా. మాస్కోలో అలెక్సీ పజిట్నోవ్ అనే ఆయన 1984లో కంప్యూటరు మీద అల్లిన టెట్రిస్‌ని అమెరికాలో గేమ్‌బాయ్‌తో కలిపి అమ్మారు. అప్పుడు ఈ పెట్టె పిల్లల చేతుల్లోంచి అమ్మల చేతుల్లోకీ వచ్చింది. 1993లో హిల్లరీ క్లింటన్ విమానంలో గేమ్‌బాయ్ ఆడుతున్న ఫొటో పత్రికల్లోకెక్కింది. ఆ ఏడే సెరెబ్రోవ్ అనే రష్యను వ్యోమగామి దాన్ని ఏకంగా అంతరిక్షానికే తీసుకుపోయాడు. పెట్టె ఎక్కడికి పోతే క్యాసెట్టు అక్కడికి. పెట్టె పాడైతే క్యాసెట్టు తీసి ఇంకో పెట్టెలో గుచ్చుకోవడమే. పక్కింటి వాళ్ళకి ఎరువివ్వొచ్చు, పాతదుకాణంలో అమ్మొచ్చు, చెల్లెలికి ఇచ్చేయొచ్చు. వస్తువంటే అదీ.

అయితే అందులోనూ ఒక మెలిక. సగంలో ఆపిన ఆట మర్నాడు అక్కణ్ణించే మొదలవ్వాలంటే గుర్తు పెట్టుకోవాలి కదా. చాలా క్యాసెట్లలో ఆ గుర్తు నిలవడానికి లోపల చిన్న గుండీ బ్యాటరీ ఒకటి అతికించి వుండేది. ఏళ్ళు గడిచి అది చచ్చిపోతే ఆట వుంటుంది, ఆడిన జ్ఞాపకం పోతుంది. తెనాలి ఇంటికి సున్నం కొట్టినట్టే.

ఇక్కడ ఇంకో ముచ్చట చెప్పాలి. దుకాణం నుంచి ఆటని దింపుకోవడం ఇంటర్నెట్ వచ్చాకే మొదలైందనుకుంటాం. కాదు. ఇంట్లో టీవీకి తగిలించి ఆడే యంత్రం కోసం 1986లోనే జపానులో డిస్కుల పద్ధతి పెట్టారు. బొమ్మల దుకాణంలో ఒక పెద్ద యంత్రం వుండేది. ఆడి విసుగెత్తిన డిస్కు పట్టుకెళ్ళి 500 యెన్లిస్తే, పాత ఆట తుడిచేసి కొత్త ఆట రాసి ఇచ్చేవారు. నాకైతే కిరసనాయిలు సీసా గుర్తొచ్చింది. సీసా మనదే, నూనె మాత్రం ఎప్పటికప్పుడు కొత్తగా పోయించుకోవడం. ఆ సేవ 2003 దాకా సాగిందంటే చూడండి. తర్వాత 1997లో లాసన్ అనే కిరాణా దుకాణాల్లోనూ ఇలాంటి ఏర్పాటే చేశారు, 2000లో గేమ్‌బాయ్ క్యాసెట్లకీ దాన్ని పెంచారు. పాలపాకెట్టుకి వెళ్ళినవాడు పనిలో పనిగా ఆట నింపించుకుని వచ్చేవాడు.

ఇక మన కథలోని పెట్టెలు. 2004లో వచ్చిన డిఎస్ లో రెండు అరలుండేవి. ఒకటి కొత్త క్యాసెట్లకి, రెండోది దానికి ముందు పెట్టె అయిన గేమ్‌బాయ్ అడ్వాన్స్ క్యాసెట్లకి. కొత్త కోడలు అత్తగారి సామానుకి కూడా చోటుంచినట్టు. ఈ డిఎస్ మీదే 2005లో డాక్టర్ కవషిమా పేరుతో మెదడుకి పదునుపెట్టే లెక్కల ఆట వచ్చి, జపానులో అమ్మమ్మలూ తాతయ్యలూ కూడా కొనుక్కున్నారు. 2008 నవంబరులో అక్కడ విడుదలైన డిఎస్ఐలో ఆ రెండో అర తీసేశారు. దాని బదులు లోపలే ఒక దుకాణం పెట్టారు. డబ్బు కట్టి పాయింట్లు కొనుక్కోవాలి. 200 పాయింట్లకి ఒక ఆట, 500కి ఒక ఆట, 800కి ఒక ఆట. గాలిలోంచి దిగి పెట్టెలో కూర్చుంటుంది. చేతికి తగిలే క్యాసెట్టు లేదు, ఎరువివ్వడానికి లేదు.

మరి అది ఎవరి సొత్తు? కొన్న మనిషి పేరుమీద కాదు, కొన్న పెట్టె మీద రాసివుంటుంది. మావాడు ఈ సంగతి చెబితే మావారు కళ్ళజోడు తీసి వాడివంక చూసిన చూపు నాకింకా గుర్తే. “డబ్బు కట్టింది మనిషి, హక్కేమో పెట్టెకా? ఇదేం అకౌంటింగురా?” అన్నారు. వాడు నవ్వి వూరుకున్నాడు. ఆయన మాత్రం ఆ రోజంతా నాలుగైదుసార్లు అదే మాట అనుకున్నారు.

2012 డిసెంబరులో, విజయవాడలో, మావారు పోయారు. దాని గురించి ఇక్కడ ఎక్కువ రాయను.

మరుసటి వేసవికి కొడుకు నన్ను తనతో తీసుకెళ్ళాడు. అప్పుడే ఈ కొత్త పెట్టె వచ్చింది. ఈ త్రీడిఎస్ రకం 2011 ఫిబ్రవరి 26న జపానులో, ఆ మార్చిలో అమెరికాలో వచ్చింది. మొదట 250 డాలర్లు. కొనేవాళ్ళు తక్కువై ఆగస్టులో 170కి దింపేశారు. ముందే ఎక్కువ పోసి కొన్నవాళ్ళు ఏడవకుండా ఇరవై పాత ఆటలు వూరికే ఇచ్చారు. మన చీరల దుకాణాల వాళ్ళు నేర్చుకోదగ్గ పద్ధతి! పాత పెట్టెలోని ఆటలు మార్చుకునే సౌకర్యం మాత్రం మొదటిరోజు లేదు. ఆ జూన్‌లో కొత్త దుకాణం తెరిచినప్పుడు వచ్చింది.

ఎలా మారుస్తారో మావాడూ మనవడూ బల్లముందు కూర్చుని చేస్తుంటే చూశాను. రెండు పెట్టెలూ పక్కపక్కన పెట్టాలి. రెండూ చార్జి నిండుగా వుండాలి, రెండిటికీ ఇంటర్నెట్ అందాలి. పాత పెట్టెలో మార్పిడికని ఇచ్చిన వుపకరణం తెరవాలి. ఏయే ఆట పంపాలో ఎంచుకోవాలి. అంతే, పాత తెరమీద చీమల్లాంటి బుల్లి జీవులు ప్రత్యక్షమై మూటలు మోసుకుంటూ బయల్దేరాయి. వాటిని పిక్‌మిన్ అంటారుట. తలమీద ఆకో పువ్వో వుంటుంది. 2001లో వచ్చిన ఒక ఆటలోవి. షిగెరు మియమోతో తన తోటపని చూసుకుంటూ వూహించాడని చెబుతారు. అవి వరసగా సామాను మోస్తుంటే నాకు మా లారీ హమాలీలు గుర్తొచ్చారు. ఒక్క తేడా, వీళ్ళు కాఫీ డబ్బులు అడగలేదు.

చూడ్డానికి ఆట ఇందులోంచి అందులోకి నడిచిపోతున్నట్టే వుంటుంది గానీ, జరిగేది వేరని మావాడు చెప్పాడు. నిజంగా మారేది హక్కుపత్రం. పాత పెట్టె పేరు కొట్టేసి కొత్త పెట్టె పేరు రాస్తారు. ఆట కొత్తగా దుకాణం నుంచి దిగుతుంది. పాతదాంట్లోంచి చెరిగిపోతుంది. ఒకసారి వెళ్ళిందంటే వెనక్కి రాదు. మిగిలిపోయిన పాయింట్లూ వెంటరావు. అన్నిటికన్నా ముఖ్యం, అంతవరకూ ఆడిన ఆట తాలూకు లెక్కలు రావు. ఇల్లు రిజిస్ట్రేషన్ అవుతుంది, గోడమీద గీతలు రావు.

దాచిపెట్టి చేసిందేం కాదు, ఆ సంగతి తెరమీద ముందే రాసివుంది. పదకొండేళ్ళ పిల్లలు అవన్నీ చదువుతారా? అయిదారు ఆటలు పంపేసి, పేక ఆట మీద పుల్ల పెట్టబోతుంటే మావాడు వాడి చెయ్యి పట్టుకుని ఆపాడు.

“అది నాన్నది రా” అన్నాడు.

ముగ్గురం ఆ ఆట తెరిచి చూశాం. ఆడినవి 502. గెలిచినవి 317.

కాసేపెవరూ మాట్లాడలేదు. తర్వాత మనవడే, “దీన్ని పంపొద్దు నానమ్మా, ఈ పెట్టె నువ్వుంచుకో” అన్నాడు. వాడికి ఆ పెట్టెని దుకాణంలో మార్చుకుంటే ఎంతో కొంత డబ్బొచ్చేది. ఆ లెక్క వాడికి తెలుసు కూడా. అయినా అన్నాడు.

ఇంత చేసినా ఆటల లోకంలో జ్ఞాపకాల్ని మోసుకెళ్ళే దారి అసలే లేదనుకోకండి. పోకెమాన్ అని మీ పిల్లలు చెప్పే వుంటారు. 1996లో జపానులో మొదలైంది. జంతువుల్ని పట్టి పెంచుకునే ఆట. రెండు గేమ్‌బాయ్‌ల్ని తీగతో కలిపితే నా జంతువు నీకు, నీది నాకు మార్చుకోవచ్చు. సతొషి తజిరి అనే ఆయన, చిన్నప్పుడు పురుగులు పట్టుకున్న సరదాతో, ఆ తీగ మీద పురుగు పాక్కుంటూ పోతున్నట్టు వూహించుకుని చేశాట్ట. 2002లో కొత్త తరం ఆట వచ్చినప్పుడు పాత జంతువులకి అందులోకి దారి మూసేశారు. ఎంత మంది పిల్లలు ఏడ్చారో! కానీ ఆ 2002 నాటి వాటికి మాత్రం తర్వాత దారి వేశారు. 2006లో డిఎస్ లోకి, అక్కణ్ణించి త్రీడిఎస్ లోకి, 2020లో వచ్చిన హోమ్ అనే చోటులోకి. అన్నీ ఒకవైపు ప్రయాణాలే, పుట్టింటికి తిరిగిరావడం వుండదు. మధ్యలో వాటిని దాచుకోవడానికి ఒక ‘బ్యాంకు’ కూడా పెట్టారు. ఏడాదికి అయిదు డాలర్లు అద్దె. మావారుంటే లాకర్ అద్దె అని నవ్వేవారు. 2023 నుంచి ఆ అద్దె కూడా తీసేశారు.

మార్చుకోవడం అలా వుంటే, దుకాణాలే మూతపడడం ఇంకో ఘట్టం. డిఎస్ఐ దుకాణం 2017 మార్చి 31న మూసేశారు. ఆ తర్వాత 2023 మార్చి 27న త్రీడిఎస్ దుకాణం కూడా మూసేశారు. క్యాసెట్టుగా ఎన్నడూ రాని ఆటలు, దుకాణంలో మాత్రమే దొరికేవి, ఆ రోజుతో కొత్తగా కొనేందుకు లేకుండా పోయాయి. 2023 జులైలో అమెరికాలో ఆటల చరిత్రని భద్రపరిచే సంస్థ ఒకటి లెక్క కట్టి చెప్పింది. 2010కి ముందు ఆ దేశంలో వచ్చిన ఆటల్లో నూటికి 87 ఇవాళ మామూలుగా కొనుక్కుందామంటే దొరకవుట. మన పాత గ్రామఫోను రికార్డులే నయమనిపించింది. అరిగిపోయినా అటక మీద వుంటాయి.

2017లో వచ్చిన స్విచ్ అనే పెట్టె నుంచీ కొన్న ఆట మనిషి పేరుమీద, అతని ఖాతాలో వుంటోంది. మావారడిగిన ప్రశ్నకి ఏడేళ్ళు ఆలస్యంగా జవాబొచ్చిందన్నమాట. 2025 జూన్ 5న స్విచ్ 2 వచ్చింది. మనవడిప్పుడు వుద్యోగస్థుడు, తన జీతంతో కొనుక్కున్నాడు. వీడియోలో చూపించాడు. రెండు పెట్టెలూ పక్కపక్కన పెట్టి, ఆటలూ, ఎక్కడిదాకా ఆడాడో ఆ గుర్తులూ అన్నీ ఒకే మధ్యాహ్నం మార్చేసుకున్నాడు. “ఇప్పుడు గీతలు కూడా వస్తాయి నానమ్మా” అన్నాడు. తెనాలి గోడ కథ వాడికి ఎప్పుడు చెప్పానో నాకే గుర్తులేదు.

పాత పెట్టె నా బీరువాలో, పట్టుచీరల పక్కనుంది. దాని చార్జరు అమెరికా కరెంటుకి చేసింది. మన గోడకి గుచ్చితే కాలిపోతుందని, బీసెంటు రోడ్డులో ఒక ట్రాన్స్‌ఫార్మరు కొని తెచ్చాను. రెండు కిలోల బరువు. అరచేతి పెట్టెకి ఆ రాక్షసుణ్ణి తగిలించడం చూస్తే పనమ్మాయి ఇప్పటికీ నవ్వుతుంది. నెలకోసారి చార్జి పెడతాను, తెరుస్తాను, ఆ రెండు అంకెలూ చూస్తాను, మూసేస్తాను. ఆడలేదు. ఆడితే లెడ్జరులో నా ఎంట్రీ పడుతుంది కదా!

2025 దసరాకి మనవడు వచ్చాడు. బీరువాలోంచి తీసి చేతికిస్తే చాలాసేపు అటూ ఇటూ తిప్పి చూశాడు. “ఇంత చిన్నదా ఇది!” అన్నాడు. తర్వాత, “ఒక్క చెయ్యి ఆడనా?” అని అడిగాడు. వద్దనబోయి, ఎందుకో, ఆడమన్నాను. పుల్ల పోయి చాలా కాలమైంది, వేలితోనే ఆడాడు. నేను పక్కన కూర్చుని ఎర్ర తొమ్మిది నల్ల పది మీదకి వస్తుందని చెబుతూనే వున్నాను. వాడు వినలేదు. ఓడిపోయాడు.

ఆడినవి 503. గెలిచినవి 317.

“చూశావా, తాతయ్యది కదల్లేదు” అన్నాడు మూత వేస్తూ. నేను లేచి ట్రాన్స్‌ఫార్మరు తెచ్చాను. ఎర్రదీపం అప్పుడే వెలుగుతోంది.